ముషిణిచెట్ల దిబ్బ: కంబోడియా నరమేధ స్మారకాలను ఎలా చూడాలి

కంబోడియా రాజధాని ఫ్నామ్‌పెన్ నగరంలో, జనం కాపురాలుండే వీధుల మధ్య, పాత బడి భవనాలు నాలుగున్నాయి. ఆ చోటి పేరు తూల్ స్లెంగ్. అక్కడివాళ్లు మాట్లాడే ఖ్మేర్ భాషలో తూల్ అంటే దిబ్బ. స్లెంగ్ అంటే మనం ముషిణి అనో విషముష్టి అనో పిలిచే చెట్టు. 1975 నుంచి 1979 దాకా కంబోడియాను ఏలిన తీవ్ర కమ్యూనిస్టు వర్గం ఖ్మేర్ రూజ్ పాలనలో ఈ బడి ఎస్-21 అనే రహస్య జైలుగా మారింది. ఇక్కడ బందీలుగా ఉండి ప్రాణాలు పోగొట్టుకున్నవారు 12,272 మందికి తగ్గరని ఐక్యరాజ్యసమితి తోడ్పాటుతో నడిచిన ప్రత్యేక న్యాయస్థానం 2010 తీర్పులో తేల్చింది. అసలు సంఖ్య ఇంకా ఎక్కువని పరిశోధకుల అంచనా. బందీల్లో ఎక్కువమందిని రాత్రివేళ లారీల్లో ఎక్కించి నగరానికి 15 కిలోమీటర్ల దూరంలో ఉన్న చ్యుంగ్ ఎక్ అనే పొలానికి తీసుకెళ్లి చంపేవారు. ఈ రెండు చోట్లనూ, వీటికి ముందు నమూనాగా నడిచిన ఎం-13 అనే అడవి జైలునూ కలిపి యునెస్కో 2025 జూలైలో ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చింది.

అంగ్‌కోర్ ఆలయాల కోసం కంబోడియా వెళ్లే తెలుగువాళ్లు ఇప్పుడు చాలామందే. వియత్నాంతో కలిపిన ప్యాకేజీల్లో ఫ్నామ్‌పెన్‌కి ఒక్క రోజు దొరుకుతుంది. ఆ ఒక్క రోజులో రాజభవనం, బజారు, నది మీద పడవ షికారు, వాటి నడుమ ఎక్కడో ఈ రెండు స్మారకాలు. చాలా పొరపాట్లు అక్కడ అడుగు పెట్టాక జరిగేవి కావు, ఈ పట్టిక వేసినప్పుడే జరిగిపోయినవి. నలభై నిమిషాల్లో తూల్ స్లెంగ్ చూడాలంటే పరుగెత్తాలి. పరుగెత్తేవాళ్లకు కనబడేవి ఇనుప మంచాలు, పుర్రెలు మాత్రమే. అవి ఎవరివో, ఎందుకలా ఉన్నాయో అర్థమయ్యే వ్యవధి ఉండదు.

ఈ స్థలాలకు రెండు స్వభావాలున్నాయి. ఇవి శ్మశానాలు. ఇవి నేరం జరిగిన చోట్లు కూడా, అంటే సాక్ష్యాలు. అక్కడి కట్టుబాట్లన్నీ ఈ రెండింటిలో ఏదో ఒకదాన్నుంచి పుట్టినవే. చెప్పులు విడవడం, గొంతు తగ్గించడం, భుజాలూ మోకాళ్లూ కప్పుకోవడం శ్మశానానికి చెందిన మర్యాదలు. దేన్నీ ముట్టకపోవడం, గోడ మీద రాయకపోవడం, నేల మీద కనబడ్డదాన్ని ఏరకపోవడం సాక్ష్యాన్ని కాపాడే పద్ధతులు. ఈ తేడా తెలిస్తే బోర్డు లేని చోట కూడా ఎలా మెలగాలో తనంత తానే తడుతుంది.

బయల్దేరే ముందు తెలిసుండవలసినవి

అక్కడి పెద్దవాళ్లు ఆ కాలాన్ని “మూడేళ్ల ఎనిమిది నెలల ఇరవై రోజులు” అని లెక్కగట్టి చెబుతారు. 1975 ఏప్రిల్ 17న ఖ్మేర్ రూజ్ సేనలు ఫ్నామ్‌పెన్‌లోకి వచ్చాయి. ఆ రోజు నుంచే ఆస్పత్రుల్లో ఉన్న రోగులతో సహా నగరాన్ని ఖాళీ చేయించి ఊళ్లకు తరిమారు. డబ్బు, మార్కెట్, బడి, గుడి రద్దయ్యాయి. 1979 జనవరి 7న వియత్నాం సేనలు నగరాన్ని పట్టుకునేదాకా ఇది సాగింది. మరణశిక్షలు, కొట్టి చంపడాలు, ఆకలి, చాకిరీ, వైద్యం లేని జబ్బులు కలిసి దాదాపు 17 లక్షల నుంచి 20 లక్షల మందిని మింగాయి. ఇది అప్పటి జనాభాలో సుమారు నాలుగో వంతు.

ఇక మాట సంగతి. తెలుగులో నరమేధం, మారణహోమం, జాతిహననం అనే మాటల్ని ఒకదాని బదులు ఒకటి వాడేస్తాం. చట్టంలో మాత్రం 1948 నాటి ఐక్యరాజ్యసమితి ఒప్పందం ప్రకారం జాతిహననం అంటే ఒక జాతిని, తెగను, మతసమూహాన్ని ఆ గుర్తింపు కారణంగానే నాశనం చేయాలన్న ఉద్దేశంతో చేసిన నేరం. 2018 నవంబరు 16న నువాన్ చీయ, ఖ్యూ సంఫాన్ అనే ఇద్దరు ఖ్మేర్ రూజ్ అగ్రనేతల మీద వచ్చిన తీర్పులో జాతిహననంగా నిలబడింది వియత్నామీయుల మీదా, అక్కడి అల్పసంఖ్యాకులైన చామ్ ముస్లిముల మీదా జరిగిన దాడులే. చామ్‌ల విషయంలో నువాన్ చీయ ఒక్కడికే ఆ నేరం అంటింది. దేశంలో అధికసంఖ్యాకులైన ఖ్మేర్ ప్రజల లక్షలాది చావులు మానవాళి పట్ల నేరాలు అనే శీర్షిక కింద వచ్చాయి. దానివల్ల వాటి తీవ్రత తగ్గలేదు. అయితే “తమ జాతిని తామే చంపుకున్నారు, అది జాతిహననం ఎలా అవుతుంది” అని గైడ్‌తో వాదానికి దిగే యాత్రికులుంటారు. ఆ ప్రశ్నకు న్యాయస్థానం ఇప్పటికే జవాబు చెప్పింది. అది తెలిసి వెళితే వాదం అక్కర్లేదు. ఖ్మేర్ భాషలో ఈ నేరానికి వాడే మాట “ప్రళయ్”తో మొదలవుతుంది, అది మన ప్రళయమే. స్మారకం బోర్డు మీద ఆ మాట చదివి వినిపించమంటే గైడ్లు సంతోషంగా చదువుతారు.

మరో విషయం కూడా ముందే తెలియాలి. 2025లో కంబోడియా కొత్త చట్టం చేసింది. ఖ్మేర్ రూజ్ నేరాలు జరగలేదనడం, వాటిని చులకన చేయడం, సమర్థించడం ఇప్పుడు శిక్షార్హం. ఏడాది నుంచి ఐదేళ్ల దాకా జైలు, పైన జరిమానా. స్మారకం ముందు నిలబడి సరదాకి తీసే రీల్స్‌లో నోరు జారడం అక్కడ మర్యాద సమస్యతో ఆగదు.

ఏ వరసలో, ఎంతసేపు

తూల్ స్లెంగ్ ముందు, చ్యుంగ్ ఎక్ తర్వాత. బందీలు వెళ్లిన దారి అదే. పొలం ముందు చూసినవాళ్లకు గుంతలే కనబడతాయి. జైలు ముందు చూసినవాళ్లకు ఆ గుంతల్లో ఉన్నవారి ముఖాలు గుర్తుంటాయి. తూల్ స్లెంగ్ ఉదయం 8 గంటలకు తెరుస్తారు. తెరవగానే లోపల ఉండటం మంచిది. పది దాటాక బస్సుల గుంపులు వస్తాయి, గదులు ఇరుకు. ఎండ కూడా ముదురుతుంది. ఏప్రిల్‌లో అక్కడి ఉక్క మన విజయవాడకు తీసిపోదు. తూల్ స్లెంగ్‌కు రెండు నుంచి రెండున్నర గంటలు, దారికి ట్రాఫిక్‌ను బట్టి ముప్పావు గంట, చ్యుంగ్ ఎక్‌లో గంటన్నర పెట్టుకోవాలి. తిరుగు ప్రయాణంతో కలిపి సగం రోజు పైమాటే. ఆ రోజు సాయంత్రానికి పడవ షికారు లాంటివి పెట్టుకోకపోవడమే మేలు. చూసినవాళ్లకు ఆ హుషారు ఉండదు, ఉన్నవాళ్లు సరిగ్గా చూసినట్టు కాదు.

టుక్‌టుక్ మాట్లాడుకునేటప్పుడు రానూపోనూ, మధ్యలో ఆగే గంటలతో సహా బేరం కుదుర్చుకోవాలి. ముందే ఇంకో మాట కూడా స్పష్టంగా చెప్పాలి. ఈ దారిలో తుపాకీ కాల్చుకునే షూటింగ్ రేంజ్‌కి తీసుకెళ్తామని యాత్రికులను అడగటం చాలాకాలంగా ఉంది. సామూహిక సమాధుల నుంచి లేచి నేరుగా అక్కడికి వెళ్లి డబ్బిచ్చి తుపాకీ పేల్చడం ఎంత వికృతమో వివరించనక్కర్లేదు. వద్దని ఒక్కసారి చెబితే మళ్లీ అడగరు. డ్రైవరుకు అది కమీషన్ సంగతి మాత్రమే, కాబట్టి కోపగించుకోవలసిన పని లేదు.

చిన్న డాలర్ నోట్లు దగ్గరుంచుకోవాలి. అక్కడ డాలర్లు చెల్లుతాయి గాని చిరిగినవీ, గీతలున్నవీ తీసుకోరు. టికెట్టుకు ఒక రుసుము, ఆడియో గైడ్ కావాలంటే మరొకటి. పూలకు, అగరొత్తులకు, విరాళం పెట్టెకు చిల్లర ఉండాలి. సులభంగా విడవగలిగే చెప్పులు, మోకాళ్లు దాటే బట్టలు, దుమ్ముకు మాస్కు, నీళ్ల సీసా చాలు. తినుబండారాలు బయటే.

గైడా, ఆడియోనా

రెండూ వేర్వేరు పనులు చేస్తాయి. ఆడియో గైడ్ ఏ చోట ఎంతసేపు ఆగాలో మన చేతిలో పెడుతుంది, బతికినవారి గొంతులు వినిపిస్తుంది, ముఖ్యంగా గుంపును నిశ్శబ్దంగా ఉంచుతుంది. చ్యుంగ్ ఎక్‌లో ఆడియోనే సరైనది. అక్కడ గుంతల పక్కన ఒకరు గొంతెత్తి చెబుతుంటే ఇరవైమంది చుట్టూ మూగడం ఆ నేలకు నప్పదు. తూల్ స్లెంగ్‌లో మాత్రం మనిషి గైడ్ ఉంటే లాభం. ప్రశ్న అడగొచ్చు, ఏ గది వదిలేయాలో చెప్పించుకోవచ్చు.

గైడ్‌తో మొదటి ఐదు నిమిషాలూ కీలకం. చెప్పవలసినవి మూడు: మనకు ఎంత సమయం ఉంది, బృందంలో పిల్లలో గుండెజబ్బు ఉన్నవాళ్లో ఉన్నారా, ఏ వివరాలు వినలేమనుకుంటున్నాం. చిత్రహింసల వర్ణన వద్దనడం తప్పేమీ కాదు. మంచి గైడ్ దాన్ని తగ్గించి జైలు ఎలా నడిచిందో, ఎవరు ఎవరికి నివేదిక రాసేవారో చెబుతారు. అది ఇంకా భయంకరంగా ఉంటుంది, నిజంగా తెలుసుకోవలసిందీ అదే.

“మీ ఇంట్లో ఎవరైనా చనిపోయారా?” అనే ప్రశ్నను మనవాళ్లు అభిమానంతోనే అడుగుతారు. ఊరూ పేరూ, ఇంటి సంగతులూ అడగడం మనకు ఆత్మీయత. అక్కడ ఆ ప్రశ్న ఒక మనిషిని తన ఉద్యోగ సమయంలో, అపరిచితుల ముందు, తన తండ్రి చావు గురించి మాట్లాడమని బలవంతపెట్టడం అవుతుంది. రోజుకు రెండు మూడు బృందాలు అదే ప్రశ్న వేస్తాయి. పైగా ఆ తరంలో ఒకే కుటుంబంలో చనిపోయినవారూ, ఖ్మేర్ రూజ్‌లో పనిచేసినవారూ ఉన్న ఇళ్లు తక్కువేం కాదు. “మీవాళ్లు ఏ పక్షం” అన్నది అసలు అడగకూడని మాట. వాళ్లంతట వాళ్లు చెబితే వినాలి, మధ్యలో మన పోలికలు దూర్చకుండా. అడగదగ్గ ప్రశ్నలు వేరే ఉన్నాయి: ఈ కాగితాలు ఎలా దొరికాయి, ఈ గోడ ఎప్పటిది, ఇప్పుడు బడుల్లో దీన్ని ఎలా చెబుతున్నారు.

గైడ్లు చెప్పే కొన్ని సంఖ్యలు పాతవై ఉండొచ్చు. “ఏడుగురే ప్రాణాలతో బయటపడ్డారు” అన్నది ఏళ్ల తరబడి నలిగిన మాట. తర్వాతి పరిశోధనలో ఆ లెక్క పెరిగింది. 1979 జనవరిలో అక్కడ దొరికిన పిల్లలు కూడా వారిలో ఉన్నారు. ఇలాంటి తేడా కనబడితే అందరి ముందూ దిద్దబోవడం అనవసరం. లోపలి ప్రదర్శన బోర్డుల మీద కొత్త లెక్క చదువుకోవచ్చు.

ముషిణిచెట్ల దిబ్బ లోపల

ఆవరణలో కొబ్బరిచెట్లు, దేవగన్నేరు చెట్లు. బడి అనిపించడమే మొదట కలవరపెడుతుంది. భవనాలకు ఏ, బి, సి, డి అని పేర్లు. గేటు దాటగానే పద్నాలుగు తెల్లటి సమాధులు కనిపిస్తాయి. వియత్నాం సేనలు వచ్చేసరికి ఏ-భవనంలో అప్పుడే చంపి వదిలేసిన మృతదేహాలు దొరికాయి, వారివే ఈ సమాధులు. ఆ భవనంలోని ఒక్కో గదిలో ఒక ఇనుప మంచం, సంకెలలు, గోడ మీద ఆ రోజు తీసిన ఫోటో. వద్దనుకున్నవాళ్లు ఈ భవనాన్ని బయటినుంచే దాటి బి-భవనానికి వెళ్లొచ్చు. ఆవరణలో బల్లలున్నాయి, కూర్చోవచ్చు. మంచం మీద చెయ్యి వేయడం, సంకెల ఎత్తి బరువు చూడటం, ఖాళీ కొట్లోకి దూరి “ఎంత ఇరుకో” అని ఫోటో దిగడం తరచుగా జరిగే తప్పులు. ఇవన్నీ అలనాటి వస్తువులే. వేల చేతులు తగిలితే తుప్పు పట్టి, పెచ్చులూడి పోతాయి. కొట్లోకి దిగడంలో ఉన్న అవమానం సంగతి ఆ తర్వాత.

సి-భవనంలో తరగతి గదుల్ని ఇటుకలతో, పై అంతస్తులో చెక్కలతో, మనిషి పడుకుంటే సరిపోయే కొట్లుగా విడగొట్టారు. బందీలు పైనుంచి దూకి చనిపోకుండా వరండాల ముందు ముళ్లతీగ అల్లారు. చావు కూడా వాళ్ల చేతిలో ఉండకూడదన్నమాట. ఆ తీగ ఇప్పటికీ ఉంది. మెట్లు ఎక్కలేని పెద్దవాళ్లు కింది అంతస్తులతోనే సరిపెట్టుకోవచ్చు, ముఖ్యమైనవి దాదాపు అన్నీ అక్కడే కనబడతాయి.

అన్నిటికన్నా ఎక్కువసేపు నిలబడవలసింది బందీల ఫోటోల దగ్గర. ఎస్-21లో బందీలకు ఫోటో తీసి, వాంగ్మూలాలు రాయించి, జాబితాలో ఎక్కించేవారు. జైలు నడిపినవాళ్లు ఆ కాగితాల మూటలన్నీ తగలబెట్టకుండా వదిలి పారిపోవడం వల్లే ఈ నేరం ఇంత వివరంగా బయటపడింది. 2009లో యునెస్కో ఈ దస్తావేజుల్ని ప్రపంచ స్మృతి జాబితాలో చేర్చింది. ఇక్కడ ఒక చేదు నిజం ఉంది: ఈ ఫోటోలు తీసింది చంపినవాళ్ల కెమెరా. కళ్లగంతలు విప్పగానే ఎదుట కనబడిన కెమెరా వైపు చూస్తున్న చూపులు అవి. ఈ రోజు ఆ బోర్డు ముందు నిలబడే యాత్రికుడు సరిగ్గా ఆ ఫోటోగ్రాఫర్ నిలబడ్డ చోట నిలబడతాడు. ఆ చూపు మనవైపు కాదు, అతనివైపు. ఆ సంగతి మనసుకు పట్టాక సెల్‌ఫోన్ ఎత్తడానికి చెయ్యి రాదు.

బోర్డు పెట్టిన గదుల్లో ఫోటోలు నిషేధం. లేని చోట కూడా ఒక హద్దు పాటించాలి: భవనం, ఆవరణ, రాతప్రతులు సరే. ఒక్కరి ముఖాన్ని దగ్గరగా తీసి, ఆ మనిషి పేరు లేకుండా, తన మాటలు చేర్చి పోస్ట్ చేయడం మాత్రం కూడదు. ఈ గోడల మీద తమ అన్ననూ అత్తనూ గుర్తుపట్టిన కుటుంబాలున్నాయి, ఇంకా వెతుకుతున్నవీ ఉన్నాయి. 2021లో ఒక విదేశీ మీడియా ఈ ఫోటోలకు రంగులద్దిన కథనం ప్రచురించింది. కొన్ని ముఖాల మీద లేని చిరునవ్వు పెట్టారని తేలింది. కంబోడియా ప్రభుత్వమూ బాధిత కుటుంబాలూ గట్టిగా అభ్యంతరం చెప్పాయి, కథనం తీసేశారు. అంతకు ముందు 1997లో న్యూయార్క్ ఆధునిక కళల మ్యూజియం ఈ చిత్రాల్లో కొన్నిటిని ప్రదర్శించినప్పుడు కూడా ప్రశ్న ఇదే: చావుకు ముందు బలవంతంగా తీసిన ముఖాన్ని కళాఖండంగా గోడకు వేలాడదీయవచ్చా? ఫోన్‌లో ఫిల్టర్ వేసే ప్రతివారి ముందూ అదే ప్రశ్న ఉంది.

నవ్వకూడదని చెప్పే బోర్డులు ఇక్కడ పెట్టారు, నవ్వే ముఖం మీద అడ్డగీతతో. బరువైన చోట ఇబ్బందితో నవ్వు రావడం మనిషి స్వభావం, ముఖ్యంగా కుర్రవాళ్లకు. ఆ క్షణంలో ఆవరణలోకి వచ్చి నిలబడితే సరిపోతుంది. 2016లో ఫోన్‌లో పోకెమాన్ బొమ్మల్ని వెతుక్కుంటూ వచ్చినవాళ్లను ఇక్కడి సిబ్బంది ఆపాల్సివచ్చింది. వీడియో కాల్‌లో ఇంట్లోవాళ్లకు గది గదీ చూపించడం దానికేమీ తక్కువ కాదు.

ఇంకో తప్పు చరిత్రకు సంబంధించింది. అందరూ అమాయక పౌరులు, చంపినవాళ్లందరూ రాక్షసులు అనే లెక్క ఇక్కడ కుదరదు. ఎస్-21లో చనిపోయినవాళ్లలో చాలామంది ఖ్మేర్ రూజ్ కార్యకర్తలే. పార్టీ తనవాళ్లనే ద్రోహులని అనుమానించి, వారి భార్యాపిల్లలతో సహా తుడిచిపెట్టింది. కాపలాదారుల్లో ఎక్కువమంది పల్లెల నుంచి తెచ్చిన పదిహేను, పద్దెనిమిదేళ్ల పిల్లలు. విచారణాధికారులుగా పనిచేసినవాళ్లే కొన్ని నెలలకు బందీలై అదే గోడ మీద ఫోటోలయ్యారు. ఈ చిక్కును విప్పి చెప్పే గైడ్ దొరికితే అదృష్టం.

ప్రదర్శనకు కూడా ఒక చరిత్ర ఉంది. వియత్నాం అండతో ఏర్పడిన కొత్త ప్రభుత్వం తన రాకకు న్యాయం ప్రపంచానికి చూపించుకోవాలని ఈ మ్యూజియాన్ని నిలబెట్టింది. రూపకల్పనలో వియత్నాం నిపుణుల చెయ్యి ఉంది. అప్పట్లో ఐక్యరాజ్యసమితిలో కంబోడియా కుర్చీ ఇంకా ఖ్మేర్ రూజ్‌దే. భారత్ 1980 జూలైలో కొత్త ప్రభుత్వాన్ని గుర్తించింది, కమ్యూనిస్టు దేశాల బయట అలా చేసినవి చాలా తక్కువ. ఒక గోడ మీద పుర్రెలతో కూర్చిన కంబోడియా పటం 2002 దాకా ఉండేది. చనిపోయినవారిని అలంకారంగా వాడటమేమిటన్న అభ్యంతరంతో దాన్ని విప్పేశారు. 2015లో ఆవరణలో పేర్లు చెక్కిన రాతి స్మారకం వచ్చింది. పుర్రెల పటం నుంచి పేర్ల రాళ్లకు రావడానికి ముప్పై ఐదేళ్లు పట్టింది. ఆ రాళ్ల దగ్గర నాలుగు పేర్లు నెమ్మదిగా చదవడం, గదుల్లో వంద ఫోటోలు తీయడం కన్నా గౌరవం.

చుమ్ మే, బూ మెంగ్ అనే ఇద్దరు బతికినవారు ఏళ్ల తరబడి ఈ ఆవరణలోనే బల్ల వేసుకుని తమ జీవితకథల పుస్తకాలు అమ్ముకున్నారు. ఇలా సాక్షులు కనబడినప్పుడు చేతులు జోడించాలి. ఖ్మేర్ వాళ్ల “సంపె” అచ్చం మన నమస్కారమే, పెద్దవారికి చేతులు కాస్త పైకెత్తి పెడతారు. ఫోటో కావాలంటే అడగాలి, పుస్తకం కొన్నంత మాత్రాన భుజం మీద చెయ్యి వేసే హక్కు రాదు.

చ్యుంగ్ ఎక్: నేల మీద చూపుంచాలి

ఇది ఒకప్పుడు తోట, చైనీయుల శ్మశానం. 129 గుంతల్ని గుర్తించారు. 1980లో 86 తవ్వగా 8,985 మంది అవశేషాలు దొరికాయి. మిగిలిన 43 గుంతల్ని తవ్వకూడదని నిర్ణయించి అలాగే ఉంచారు. తూటా ఖర్చని పారలు, బండి ఇరుసులు, ఇనుప కడ్డీలు వాడారు. అరుపులు పొలం దాటి వినబడకుండా లౌడ్‌స్పీకర్‌లో పాటలు పెట్టేవారు. ఆడియోలో ఈ భాగం వచ్చేచోట హెడ్‌ఫోన్ తీసేసి కూర్చునేవాళ్లు చాలామంది ఉంటారు. తీసేయడంలో తప్పు లేదు.

మే నుంచి అక్టోబరు దాకా వానలు. ఒక గట్టి వాన పడ్డాక మట్టి కరిగి ఎముక ముక్కలు, పళ్లు, బట్టల పేలికలు పైకి తేలతాయి. ఇన్నేళ్ల తర్వాత కూడా తేలుతూనే ఉన్నాయి. అందుకే చెక్క నడకదారులు వేశారు, వాటి మీదే నడవాలి. దారి లేని చోట అడుగు వేసే ముందు చూసుకోవాలి. ఎముకో పన్నో కనబడితే వంగి తీయకూడదు, కాలితో పక్కకు నెట్టకూడదు, మట్టి కప్పకూడదు. సిబ్బందికి చోటు చూపిస్తే చాలు. వారు పద్ధతిగా సేకరించి భద్రపరుస్తారు. భక్తితో చేసినా సరే, చోటు మారిస్తే ఆ అవశేషం ఎక్కడిదన్న ఆధారం పోతుంది.

ఒక చెట్టు దగ్గర అందరి కాళ్లూ ఆగిపోతాయి. పసిపిల్లల్ని దాని మానుకేసి కొట్టి చంపిన చెట్టు. యాత్రికులు తమ చేతి దారాలు, రంగు గాజులు విప్పి దానికీ, పక్కనున్న గుంత చుట్టూ వేసిన వెదురు కంచెకూ కట్టడం వల్ల అవి గుత్తులుగా వేలాడుతున్నాయి. ఇది ఖ్మేర్ ఆచారం కాదు, వచ్చినవాళ్లు మొదలుపెట్టింది. కట్టవచ్చా అంటే, సిబ్బంది అనుమతిస్తున్నంతవరకు దారం కట్టొచ్చు. గుంతలోకి నాణేలు, నోట్లు విసరడం మాత్రం మానాలి. పదమూడు పద్నాలుగేళ్ల లోపు పిల్లల్ని ఇక్కడిదాకా తేకపోవడమే నయం. ఒకరు వాళ్లతో చెరువు వైపు దారిలో నడిస్తే, మరొకరు చూసి రావచ్చు. “అక్కడ ఏముంది?” అని పిల్లలడిగితే నిజం కుదించి చెప్పాలి గాని కథ అల్లకూడదు.

మధ్యలో స్తూపం. 1988లో కట్టారు. చుట్టూ అద్దాల వెనక అంతస్తుల మీద అంతస్తులుగా వేల పుర్రెలు. ఏ ఆయుధంతో ఎలాంటి దెబ్బ తగిలిందో సూచించే రంగు చుక్కలు వాటి మీద అంటించి ఉంటాయి. మెట్ల దగ్గర చెప్పులు, టోపీ తీసేయాలి. పూలు, అగరొత్తులు అక్కడే దొరుకుతాయి. లోపలి నడవ ఒక్క మనిషి పట్టేంత ఇరుకు, గుంపుగా దూరితే అద్దానికి ఒరుసుకుంటారు. ఇద్దరు ముగ్గురుగా వెళ్లి, ఆగకుండా చుట్టి రావాలి. భట్టిప్రోలు, అమరావతుల నేల మీద పుట్టినవాళ్లకు స్తూపమంటే ధాతువుల్ని దాచిన చోటని వేరే చెప్పనక్కర్లేదు. అక్కడ రాతి పేటికలో కళ్లబడకుండా ఉండేది ఇక్కడ అద్దంలో ఎదురుగా ఉంది, తేడా అదే.

ఆ తేడా గురించే కంబోడియాలో పెద్ద చర్చ నడిచింది. బౌద్ధ సంప్రదాయంలో దహనం చేయనిదే ఆత్మకు శాంతి ఉండదని చాలామంది నమ్మకం. రాజు సిహనూక్ ఈ అస్థికలకు దహనం జరగాలని కోరారు. ప్రభుత్వం మాత్రం నేరానికి సాక్ష్యంగా వాటిని భద్రపరచాలని 2001లో ఉత్తర్వు ఇచ్చింది. మన యాత్రికుల్లో కూడా ఈ పుర్రెల్ని చూసి “ఇలా ఉంచడమేమిటి, అస్థికలు కలపొద్దా” అని గట్టిగా అనేవారుంటారు. ఆ బాధ సహజమే, అక్కడివాళ్లదీ అదే బాధ. ఏవి ఎవరివో తెలియనప్పుడు, ఎవరి ఇంటివాళ్లు కర్మ చేయాలో తేలనప్పుడు, చామ్ ముస్లిముల అవశేషాలు కూడా కలిసిపోయి ఉండవచ్చన్నప్పుడు దహనం అనేది తేలిక నిర్ణయం కాదు. అక్కడ నిలబడి తీర్పు చెప్పడం కన్నా గైడ్‌ను అభిప్రాయం అడగడం మెరుగు, ఈ విషయం మీద వాళ్లు మాట్లాడతారు.

ఎప్పుడు వెళ్లాలన్న దానికి క్యాలెండరు కూడా చూసుకోవాలి. మే 20 జాతీయ స్మృతి దినం. ఆ రోజు చ్యుంగ్ ఎక్‌లో భిక్షువుల ప్రార్థనలు, ఆనాటి హింసను నటించి చూపే ప్రదర్శనలు ఉంటాయి. విదేశీ యాత్రికులు వెనక వరసలో నిలబడి, ఎదురుగా కూర్చున్న కుటుంబాలకూ వేదికకూ మధ్య కెమెరాలతో అడ్డు రాకుండా ఉండాలి. రెండోది ప్చుమ్ బెన్. భాద్రపద బహుళ పక్షంలో, అంటే సరిగ్గా మన మహాలయ పక్షాల పదిహేను రోజుల్లో జరుగుతుంది. “బెన్” అన్న మాట పిండం నుంచి వచ్చిందే. ఆఖరి మూడు రోజులు దేశమంతా సెలవు, ఫ్నామ్‌పెన్ ఖాళీ అయిపోతుంది, బండ్లు దొరకవు. ఆ పక్షంలో తెల్లవారకముందే జనం గుళ్లకు వెళ్లి అన్నం ముద్దలు చీకట్లో నేల మీదికి విడుస్తారు. ఏడు తరాల పెద్దలకీ, ఎక్కడ ఎలా పోయారో తెలియనివారికీ కలిపి.